మాటు పడిన గడియకుడుక

పెరట్లో కూర్చుని సుమిత్ర గిన్నెలు తోముతోంది. చింతపండు పిప్పిలో ఇంత బూడిద కలిపి, చెంబు మెడ కింద గడ్డకట్టిన నలుపును బొటనవేలితో అరగదీస్తోంది. అత్త లేని ఇల్లు. ఆమె కాపురానికి వచ్చేదాకా ఈ ఇంటి గిన్నెలకు నీళ్ళే తప్ప పులుపు తగల్లేదని వాటిని చూస్తేనే తెలుస్తుంది. లోపల మంచం మీద మామ సోమనర్సయ్య దగ్గుతున్నాడు. ఆ దగ్గు ఒకసారి మొదలైతే బావి తవ్వేటప్పుడు రాతి మీద గడ్డపార పడుతున్నట్టే ఉంటుంది. చలికాలం దాటడం కష్టమని జనగామ దవాఖానలో డాక్టరు ఆమె భర్త కొండల్‌ను పక్కకు పిలిచి చెప్పాడు. ఆ మాట కొండల్ ఇంటికొచ్చి భార్యకు చెప్పాడు, తండ్రికి చెప్పలేదు. చెప్పకపోయినా ముసలాయనకు తెలుసు.

వీధిలో “కళాయ్! గిన్నెలకు కళాయ్!” అని కేక వినపడింది. సుమిత్ర చేతులు కడుక్కుని, ఇంట్లో ఉన్న రాగివీ ఇత్తడివీ అన్నీ తట్టలో వేసుకుని బయటికి తెచ్చింది. కళాయి సాయిబు గోడ నీడకు చిన్న గుంట తీసి, బొగ్గులు పోసి, తిత్తి ఊదుతున్నాడు. తెల్లటి పొగ లేచి కళ్ళు మండించింది.

అన్నీ అయ్యాక ఆమెకు దేవుని మూలన ఉట్టిలో వేలాడే రాగిగిన్నె గుర్తొచ్చింది. కొబ్బరికుడుక ఆకారం, పిడికెడంత. అడుగున సన్నటి చిల్లి. ఆమె పుట్టిల్లు గూడూరు దిక్కు, అడవి పక్కన పల్లె. అటువైపు అలాంటి గిన్నె ఆమె ఎన్నడూ చూడలేదు. ఎవరూ పట్టించుకోక చిల్లుపడి మూలన పడిందని జాలిపడి దాన్నీ దింపుకొచ్చింది.

“అరె బేటీ,” అన్నాడు సాయిబు, గిన్నెను ఎండకెత్తి చిల్లిలోంచి ఒంటికన్నుతో చూస్తూ. “గింత మంచి రాగికి సిల్లి వెట్టుకొని ఉట్ల దాస్తరా? పాలు వోస్తె పిల్లి నవ్వదా?”

“మా అత్త లేదు చాచా. సూసెటోల్లు లేక గట్లయింది.”

“ఫికర్ చెయ్యకు. ఆడ సిల్లి ఉండెనంటే రేపు నువ్వే నమ్మవు.”

తగరం చుక్క పడింది. దూదితో ఒక్క తుడుపు. చిల్లి మాయమైంది. ఇచ్చిన జొన్నలు మూట కట్టుకుని, సాయిబు తిత్తి భుజానేసుకుని వెళ్ళిపోయాడు.

సుమిత్ర నడింట్లో ఉన్న గంగాళం నిండా బావినీళ్ళు పోసి, ముంచుకోవడానికి వీలుగా ఉంటుందని మాటువేసిన గిన్నెను నీళ్ళ మీద వదిలింది.

మామ దగ్గు మధ్యలో తెగిపోయింది.

ఆమె చెంబు అక్కడే పడేసి లోపలి గదిలోకి పరుగెత్తింది. సోమనర్సయ్య మంచం మీద లేచి కూర్చుని ఉన్నాడు. అరచెయ్యి రొమ్మున ఆనించుకుని, ఎవరో వస్తామన్నవాళ్ళు రాకపోతే ఎదురుచూస్తున్నట్టు చూస్తున్నాడు. రావలసిన దగ్గు రాలేదు. ఊపిరి లోపలికి పోయింది, బయటికి వచ్చింది. మళ్ళీ పోయింది.

“నీళ్ళు తెస్త మామా,” అని తలుపు చాటునుంచే చెప్పి ఆమె వెనక్కి వచ్చింది.

ముంచుదామని పట్టుకుంటే గిన్నె రాలేదు. గంగాళంలో నీళ్ళు నీళ్ళలాగే ఉన్నాయి, తడి తగులుతోంది. కానీ అల లేదు. రెండు చేతులతో పట్టి లాగినా గిన్నె బండకు మొలిచినట్టు కదల్లేదు. సుమిత్ర చేతులు తీసేసి, ఎందుకో తెలియకుండానే కొంగు తలమీదికి లాక్కుంది. దేవుని ఎదుట నిలబడ్డప్పుడు చేసే పని అది.

ఆమె వెనకే మెల్లగా వచ్చిన సోమనర్సయ్య ద్వారబంధం పట్టుకుని ఆగిపోయాడు. గంగాళాన్ని చూశాడు. ఉట్టి ఉన్న మూలను చూశాడు.

“దాని సిల్లి ఎవలు పూడ్చిన్రు?”

“కళాయి సాయిబు... నేనే ఇచ్చిన మామా. ఓటిగిన్నె అనుకున్న.”

తిడతాడనుకుంది. ముసలాయన నోరు తెరిచాడు గానీ తిట్టు రాలేదు, నవ్వొచ్చింది. ఆ నవ్వు కూడా మధ్యలోనే ఆగిపోయింది. ఆయన మోకాళ్ళ మీద కూలబడి గంగాళానికి చేతులు జోడించాడు.

“బిడ్డా, గిది గడియకుడుక. మన ఇంటిపేరు గడియలోల్లని ఊరికే రాలే. పెండ్లిల్ల గంగాళం నిండ నీళ్ళు పోసి దీన్ని ఇడుస్తం. సిల్లిల నుంచి నీళ్ళెక్కి మునిగితె ఒక గడియ. ఇప్పుడందరి చేతులకు గడియారాలు వచ్చినయి, నన్ను పిలిచెటోల్లు లేరు. నీ పెండ్లి సుత అయ్యగారి చేతిగడియారం జూసే అయిపాయె. లేకుంటె నీకు తెలుస్తుండె.”

“మరి ఇప్పుడేమయింది మామా?”

“గిది పొద్దును కొలిచేది కాదు బిడ్డా. పొద్దుకు తొవ్వ ఇచ్చేది. ఆ సిల్లే తొవ్వ.”

ఆయన చెబుతుంటే ఆమె తలుపు పక్కన నిలబడి వింది. చాలా ఏళ్ళ కింద ఘనపూర్‌లో ఒక పటేలు బిడ్డ పెళ్ళి. లగ్నం దగ్గరపడింది, పెళ్ళికొడుకు బండ్లు వాగులో దిగబడ్డాయి. పిల్ల తండ్రి వచ్చి సోమనర్సయ్య కాళ్ళ దగ్గర కూలబడ్డాడు. ఆయన ఎవరూ చూడకుండా నీళ్ళలో చెయ్యి పెట్టి, కుడుక అడుగున చిల్లిని చూపుడువేలితో మూశాడు.

“పందిట్ల అందరు తిరుగుతున్నరు, మాట్లాడుతున్నరు. గని ముందుకు ఏమి జరుగుతలేదు. అయ్యగారు సదివిన మంత్రమే మల్ల సదువుతున్నడు, ఆయనకే తెలుస్తలేదు. వంటోల్లు అన్నం ఉడుకుతలేదని కట్టెలను తిట్టవట్టిన్రు. నా వేలు తిమ్మిరెక్కి పానం మీదికొచ్చింది. బండ్లు వచ్చినయి, వేలు తీసిన. వేలితోని మూసింది వేలితోని తియ్యొచ్చు బిడ్డా. తగరంతోని మూసింది మా తాతతండ్రులల్ల ఎవలు సూడలే.”

వంటింట్లో పొయ్యి మీద ఎసరు అప్పటికి సన్నగా గునగునమంటోంది. సుమిత్ర వెళ్ళి చూసింది. కట్టె మండుతూనే ఉంది, తరగడం లేదు. ఎసరు గునుస్తూనే ఉంది, పొంగడం లేదు. పొద్దున కోసి తడిగుడ్డలో చుట్టిన మల్లెమొగ్గలు మొగ్గలుగానే ఉన్నాయి. గంప కింద కోడి గుడ్ల మీద కూర్చుని ఉంది. తెల్లారితే పిల్లలవ్వాలి. ఆమెకు భయం వేయలేదు. ఇంటి నిండా ఏదో పెద్దది వచ్చి కూర్చున్నట్టు, దానికి కాలు తగలకుండా నడవాలన్నట్టు అనిపించింది.

కొండల్ చెలకలో పని ముగించుకుని వచ్చేసరికి తండ్రి అరుగు మీద, ఎప్పుడూ కప్పుకునే గొంగడి లేకుండా కూర్చుని ఉన్నాడు. విషయం విని గంగాళం దగ్గరికి వెళ్ళి, చాలాసేపు అక్కడే నిలబడ్డాడు. తిరిగి వచ్చినప్పుడు అతని కళ్ళు తడిగా ఉన్నాయి.

“దాన్ని ఎవలు ముట్టద్దు,” అన్నాడు.

కుడుక తేలిన గడియలో గడప లోపల ఉన్నవన్నీ అలాగే నిలిచిపోయాయి. బయటున్న కొండల్‌కు మాత్రం ఆకలేసేది, గడ్డం పెరిగేది. ఆ పొయ్యినీ ఆ ఎసరునూ అలాగే వదిలేసి, సుమిత్ర పెరట్లో కొత్త పొయ్యి పెట్టి అతని ఒక్కడికే వండేది. ఆమెకూ మామకూ ఆకలి రాలేదు. తిన్నా ఒకటే, తినకపోయినా ఒకటే.

బయట కాలం దాని దారిన అది పోయింది. మక్కచేన్లు కోశారు. పత్తి పగిలింది. బతుకమ్మలు వాగులో కలిశాయి. మంచు కురిసే రోజులూ వచ్చాయి. చలికాలం దాటడం కష్టమన్న మనిషి పొద్దున్నే అరుగు మీద కూర్చుని, పొగమంచులోంచి ఒక్కొక్కటిగా బయటపడే ఇళ్ళను చూస్తూ, ఊపిరిని బెల్లం ముక్కలా చప్పరించేవాడు. కొండల్ ఆయన పక్కన కూర్చుని తండ్రి గోళ్ళు చూసేవాడు. పెరగలేదు. అతని ముఖంలో చిన్నపిల్లవాడి సంతోషం కనిపించేది.

ఒకరోజు పక్కింటి బుచ్చక్క నిప్పు కోసం వచ్చి గంప కిందికి వంగి చూసింది.

“నీ కోడి తపస్సు చేస్తున్నదా ఏందే సుమిత్రా? బతుకమ్మ కంటె ముందు కూసున్నది, ఇంక లేస్తలేదు. గుడ్లు మురిగినయేమో సూడు.”

“మురగలేదక్కా.”

“మురగకపోతె పిల్లలేయి?” ఆమె చూపు గంప నుంచి సుమిత్ర నడుము మీదికి జరిగింది. గొంతు తగ్గింది. “నువ్వు, నా చిన్నకోడలు ఒక్కసారే నీల్లోసుకున్నరు గద. దాని కడుపుల పోరడు ఎగిరెగిరి తన్నుతున్నడు, రాత్రి నిద్ర లేదు దానికి. నీ కడుపేందే గట్లనే ఉన్నది? దవాఖానల సూపిచ్చినవా?”

సుమిత్ర నిప్పుకణికలు ఇచ్చి పంపింది. తర్వాత అరచెయ్యి పొట్ట మీద పెట్టుకుని కూర్చుంది. లోపల ఉన్నది పోలేదని ఆమెకు తెలుసు. పెరగడం లేదనీ తెలుసు. ఇన్ని రోజులూ తెలిసిన మాటే, బుచ్చక్క నోట విన్నాక బరువెక్కింది.

ఇల్లు దాటితే ఆగిన గడియ కదులుతుందేమోనని మల్లెమొగ్గలు కొప్పులో పెట్టుకుని బావి దాకా, అక్కడినుంచి చెలక దాకా, ఇంకా అవతల కొడకండ్ల తొవ్వ దాకా నడిచింది. సాయంత్రం తిరిగొచ్చి కొప్పులోంచి తీసి చూస్తే మొగ్గ మొగ్గగానే ఉంది. ఆ గడియ ఇంట్లో లేదు, ఒంట్లో ఉంది. ఎక్కడికి పోయినా వెంటే వస్తుంది.

మర్నాడు పొద్దున కొండల్ పార భుజాన వేసుకుని బయలుదేరుతుంటే ఆమె మరోసారి అడ్డం వచ్చింది.

“కుడుకకు సిల్లి వెయ్యాలె.”

“మల్ల అదే మాట.”

“పోయెటోల్లు పోతలేరు, మంచిదే. వచ్చెటోల్లు సుత వస్తలేరు గద. గిది నా కడుపు. కోడిగుడ్డు కాదు.”

“పోతలేదు గదా పిల్ల! ఉన్నకాడ ఉన్నది. బాపు ఉన్నకాడ ఉన్నడు. అందరు ఉన్నంక నీకేం పరేషాన్?”

“ఉన్నకాడనే ఉంటె దాన్ని పిల్ల అంటరా?”

కొండల్ పార కింద పెట్టాడు.

“అవ్వ పోయినప్పుడు నేను జైల్ల ఉన్న. తెలంగాణ గావాలని అరిసినందుకు మా సదువుకునే పోరగాండ్లందర్ని లోపలేసిన్రు. కొడుకు వచ్చిండా, కొడుకు వచ్చిండా అని ఆకిలి దిక్కే సూసిందట. నేను వచ్చేసరికి బూడిద సుత వాగుల గలిసింది. ఇప్పుడు బాపును నా చేతులతోని పంపియ్యమంటవా?”

సుమిత్ర పక్కకు జరగలేదు.

“సరే, వేద్దాం. జర ఆగు. ఇయ్యాల ధనిష్ఠ. ధనిష్ఠల ఇంట్ల పానం పోతె ఇల్లు పాడువెట్టాలె, ఆర్నెల్లు తలుపులు మూసి బయట పడాలె. కడుపుతోని నువ్వు ఎవల పంచకు పోతవు? మంచి నచ్చెత్రం సూసి వేద్దాం.”

“మొన్న అమాస అన్నవు. అంతకు ముందు మంగళారం అన్నవు.”

కొండల్ పార తీసుకుని వెళ్ళిపోయాడు. గోడకు అవతల ముసలాయనకు అప్పుడే మెలకువ వచ్చింది, మంచం కిర్రుమంది.

మధ్యాహ్నం దాటింది. ఇన్ని నెలల్లో బయట సూర్యుడు తన తొవ్వ మార్చుకున్నాడు. పెంకుల సందులోంచి, కుడుక తేలిన రోజు ఎక్కడో గోడ మీద పడిన ఎండపొడ, ఇప్పుడు జరిగి జరిగి వచ్చి సరిగ్గా గంగాళం మీద వాలింది. అది చూసి సోమనర్సయ్య లేచాడు.

“ఎండ పడ్డదే! ఎండల అయితె కనవడతది,” అని తనలో తనే అనుకుంటూ నీళ్ళ మీదికి వంగాడు. “దగ్గరికి రా బిడ్డా. పెండ్లికొడుకు, పెండ్లిపిల్ల ఎదురుంగ కూసున్నప్పుడు నేను గిట్లనే సూసేది. మనిషికో పోగు కనవడతది.”

సుమిత్ర కొంగు సర్దుకుని గంగాళానికి అటువైపు నిలబడి చూసింది.

మొదట తన ముఖం కనిపించింది. తర్వాత ముఖం కిందికి దిగిపోయింది. నీటి లోపల, కుడుక చుట్టూ, వెలుతురుతో వడికినట్టున్న పోగులు ఉన్నాయి. కదలకుండా ఉన్నాయి గానీ, కదలడానికి వంగి, ఎవరో రమ్మంటే పోవడానికి సిద్ధంగా ఉన్నట్టు ఉన్నాయి. ఒక పోగు పాత నులకలా దారాలు లేచి, వదులై, కొస కుడుక అంచుకు ఆనుకుని ఉంది. ఇంకొకటి నిండుగా, బిగువుగా, ఎటో చీకటిలోకి సాగిపోయింది. అంతలోతు ఆ గంగాళానికి లేదు. ఆ లోతును చూస్తే ఆమెకు కాళ్ళ కింద ఇల్లు కాదు, ఆకాశం ఉన్నట్టయింది.

“గా పాతది నాది,” అన్నాడు సోమనర్సయ్య. “కొసకు వచ్చింది. ఇంతమందివి సూసినోన్ని, నాది నాకు తెల్వదా? గా నిండుది నీది. సల్లగుండు.” అని ఆగాడు. ఇంకా వంగాడు. ముక్కు నీళ్ళకు తాకేంత వంగాడు. “అప్పుడు కొండడు చెలకల ఉండె గద. ఇంట్ల ఉన్నది నువ్వు, నేను. మూడోది ఎవలది?”

అప్పుడు ఆమెకూ కనిపించింది. బిగువు పోగును ఆనుకుని, సాలెపురుగు వేసిన తొలిదారం కంటే సన్నగా, అసలు ఉందా లేదా అన్నట్టు ఒకటి. ఆ నిలిచిన నీళ్ళలో అన్నీ కదలకుండా ఉంటే అదొక్కటే వణుకుతోంది.

తన కడుపు సంగతి కోడలు మామతో చెప్పే ఆనవాయితీ లేదు. చెప్పడానికి అత్త లేదు. కొండల్ చెప్పలేదు. సుమిత్ర తల వంచుకుని, కొంగు ముఖం మీదికి ఇంకాస్త లాక్కుంది.

సోమనర్సయ్య నుదురు గంగాళం అంచుకు ఆనించాడు.

“గింత సన్న పోగును ఆపుకొని నేను ఊపిరి తీసుకుంటున్ననా బిడ్డా?”

“మీకేం తెలుసు మామా.”

“దబ్బనం తే.”

ఆమె కదల్లేదు. “ఇయ్యాల ధనిష్ఠ అన్నడు ఆయన...”

“మీ మాటల కొస విన్న. రేపు ఇంకోటి అంటడు. వాని బాధ వానిది, వాన్నేం అనకు. ధనిష్ఠ ఇంట్ల పోతెనే గద, దాని సంగతి నేను సూసుకుంట. నువ్వు దబ్బనం తే.”

గోనెసంచులు కుట్టే దబ్బనం చూరులో గుచ్చి ఉంది. తెచ్చి ఇచ్చింది. ఆయన పందిట్లో పదిమంది ఎదుట కుడుక వదిలినప్పటిలాగే నిదానంగా, దబ్బనం మొన తగరం మీద ఆనించి, ఇంత ఒత్తిడి పెట్టాడు. తగరం మెత్తనిది. లోపలికి దిగింది. దబ్బనం బయటికి తీశాడు.

చిల్లిలోంచి నీటి దారం ఒకటి లేచింది. గుండుసూది అంత. కుడుక అడుగున చిన్న ఊటలా పొంగి, గుండ్రంగా తిరిగింది. ఆ తిరుగుడుకు గంగాళంలో మొదటి అల పుట్టింది. అల అంచుకు తాకి వెనక్కి వచ్చింది. పోగులన్నీ ఒక్కసారి ఊగాయి. వాటిలో వెలుతురు నడవడం ఆమె కళ్ళారా చూసింది. ఏటికి నీళ్ళొచ్చినప్పుడు ఎండిన ఇసుక ముదురు రంగు తిరుగుతూ పోయినట్టు, ఒక చివరినుంచి రెండో చివరిదాకా వెలుతురు నడిచింది. కుడుక నిండుతూ నిండుతూ ఒక పక్కకు ఒరిగి, చిన్న గుటక మింగినట్టు చప్పుడు చేసి మునిగిపోయింది.

వంటింట్లో ఎసరు పొంగి పొయ్యిలో చుయ్యిమంది. గంప కింద ఎక్కడో పెంకు లోపలినుంచి చిన్నగా టక్కుమంది. సుమిత్ర పొట్టలో, బావిగట్టున నిలబడి చూస్తే లోతున చేపపిల్ల తిరిగినట్టు, ఒక్కసారి, ఏదో కదిలింది. ఆమె గోడ పట్టుకుని కూర్చుండిపోయింది. నవ్వుతోందో ఏడుస్తోందో ఆమెకే తెలియలేదు. మామ ఆమె వైపే చూస్తున్నాడు. అడగలేదు. చూసి తెలుసుకున్నాడు.

అప్పుడు, రావలసి ఉండి ఇన్నాళ్ళూ ఆగిన దగ్గు వచ్చింది. ఆయన గంగాళం పట్టుకుని దాన్ని రానిచ్చాడు. తగ్గాక, చెంబుతో నీళ్ళు ముంచుకుని ముఖం కడుక్కున్నాడు. రుమాలు దులిపి తలకు చుట్టుకున్నాడు. మూలనున్న కర్ర తీసుకున్నాడు. గొంగడి వైపు చూసి, వద్దనుకుని వదిలేశాడు.

అన్నానికి వచ్చిన కొండల్ వాకిట్లోనే ఎసరు వాసన పట్టాడు. పార జారవిడిచి లోపలికి ఉరికాడు. గంగాళంలో ఊగుతున్న నీళ్ళు చూశాడు, దబ్బనం చూశాడు, గోడకు ఆనుకుని పొట్ట మీద చేతులు పెట్టుకున్న భార్యను చూశాడు.

“బాపూ! రుమాల్ ఎందుకు సుట్టినవ్? ఎటు వోతున్నవ్? కూసో. నా మాటిను, జర కూసో బాపూ...”

సోమనర్సయ్య కొడుకు దగ్గర ఆగాడు. అతని గడ్డం మీద పెరిగిన వెంట్రుకలను అరచేత్తో ఒకసారి నిమిరాడు. తలవాకిలికి తల తగలకుండా వంగి, గడప దాటి, వాకిలి దాటి, కర్ర ఊతంగా చెలకల తొవ్వ పట్టుకుని వెళ్ళిపోయాడు.